దిగని పడుగు

కోర్టు నోటీసు వచ్చిన రోజు భద్రమ్మ ముందుగా అడిగింది, ఎవరు పంపారని. రావమ్మగారని కొడుకు భానుచందర్ చెప్పగానే, "ఆవిడ పంపదురా, సరిగ్గా చూడు" అంది. సరిగ్గానే చూశాడు పాపం. పెడనలో తాము ఇల్లూ మగ్గమూ వేసుకుని బతుకుతున్న ఐదు సెంట్ల స్థలం ఖాళీ చేసి అప్పగించమని దావా. వేసింది స్థలం గలావిడ రావమ్మ. వేసింది అద్దెకున్న భద్రమ్మ మీద.

రావమ్మ పరాయి మనిషా అంటే, కాదు. భానుచందర్ పుట్టినప్పుడు భద్రమ్మకు పథ్యం వండిపెట్టింది ఆవిడే. ఆవిడ భర్త వెంకటప్పయ్యా, ఈవిడ భర్త సాంబమూర్తీ ఒకే అరుగు మీద కూర్చుని చుట్టలు కాల్చిన స్నేహితులు. ఇద్దరూ పోయారు. వెంకటప్పయ్య పోయాక కొడుకు లక్ష్మీకాంత్ తల్లిని విజయవాడ తీసుకెళ్ళి భవానీపురంలో మూడో అంతస్తులో పెట్టాడు. అక్కడ లిఫ్టు పనిచేస్తే చేస్తుంది, లేకపోతే లేదు. మోకాళ్ళు అరిగిపోయిన మనిషికి అది ఇల్లేమిటి, అటక! పెడనలో మన స్థలంలో నేల మీద ఒక్క గది వెయ్యరా నాయనా అని ఆవిడ అడిగింది. తల్లి అడిగింది గది, సుపుత్రుడు వేయించింది దావా.

చిక్కంతా ఒక తెల్ల కాగితంతో వచ్చింది. స్నేహితులిద్దరూ ఎప్పుడో రిజిస్ట్రారాఫీసు గడప తొక్కకుండా రాసుకున్న అద్దె కాగితం అది. వెంకటప్పయ్య వ్యవసాయదారుడు. కౌలు కాగితాల్లో 'పంట చేతికి రాగానే పొలం అప్పగించాలి' అని రాయడం ఆయనకు అలవాటు. నేతగాడికి పంటెక్కడిది? ఆలోచించి ఆలోచించి, 'మాకు అవసరమైనప్పుడు, మగ్గం మీద పడుగు దిగగానే స్థలం ఖాళీ చేయాలి' అని రాశాడు. పడుగంటే మగ్గానికి నిలువునా బిగించిన పోగులు. అవి నేయడం అయిపోతే చేను కోసినట్టేగా అనుకున్నాడు పెద్దమనిషి. సాంబమూర్తి సంతకం పెట్టాడు. ఇద్దరూ కాఫీ తాగి ఎవరి పనికి వాళ్ళు వెళ్ళారు.

పడుగు వరిచేను కాదు కదా. పాతది అయిపోవస్తోందనగా ఇంట్లో ఆడవాళ్ళు మగ్గం దగ్గర కూర్చుని, ఒక్కో పాత పోగు కొసకు ఒక్కో కొత్త పోగు కలిపి, బూడిద అద్దిన వేళ్ళతో మెలితిప్పుతారు. అచ్చు అతకడం అంటారు దాన్ని. అలా పాతదాన్ని పట్టుకుని కొత్త పడుగు మగ్గంలోకి వస్తుంది. భద్రమ్మ కాపురానికొచ్చిన నాటి నుంచీ ఆ మగ్గం బోడిగా ఉన్న రోజు లేదు.

బందరులో లాయరు ఆ కాగితం చూసి నవ్వాడు. ఏళ్ళ తరబడి అద్దెకిచ్చే కాగితం రిజిస్టరు చేయించాలట. చేయించలేదు గనక అందులోని షరతులు కోర్టు పట్టించుకోదట. స్థలం ఎవరి స్వాధీనంలో ఉందో చెప్పుకోవడానికి మాత్రం పనికొస్తుందట. స్వాధీనం మీదే గనక నోరు మెదపకుండా కూర్చోండమ్మా, ఏళ్ళకేళ్ళు లాగొచ్చు అన్నాడు. భానుచందర్ మొహం వెలిగింది. భద్రమ్మకు మాత్రం ఆ పూట అన్నం సయించలేదు.

"రిజిస్టరు కాకపోతే మీ నాన్న మాట మాట కాకుండా పోద్దంట్రా?" అని కొడుకును అడిగింది.

స్థలం చూసి రమ్మని కోర్టు ఒక కమిషనరును పంపింది. ఆ రోజు లక్ష్మీకాంత్ కారులో తల్లిని వెంటబెట్టుకొచ్చాడు. కమిషనరు బయట గోడలు కొలుచుకుంటుంటే, రావమ్మ మెల్లిగా మగ్గం గదిలోకి వచ్చి, అచ్చు అతుకుతున్న భద్రమ్మ పక్కన కుర్చీలో కూలబడింది. చాలాసేపు ఆ వేళ్ళనే చూసింది.

"ఎప్పుడు దిగుద్ది భద్రా ఇది?"

వెనక నుంచి భానుచందర్ దగ్గాడు. నోరు మెదపొద్దన్న లాయరు మాట భద్రమ్మకు గుర్తొచ్చింది, అయినా పోగు మెలితిప్పుతూనే చెప్పేసింది.

"దిగదు అక్కగారూ. మేం అతుకుతానే ఉంటాం."

ఇక గుమ్మంలో నిలబడ్డ లక్ష్మీకాంత్ అందుకున్నాడు. మా నాన్నను మోసం చేశారన్నాడు, ఇంకా చాలా అన్నాడు. అది మోసమని భద్రమ్మకు ఇన్నేళ్ళలో ఎన్నడూ తోచలేదు. తోచనందుకే ఇప్పుడు మరీ సిగ్గేసి ఏడుపొచ్చింది. వేళ్ళకున్న బూడిద కొంగుకు తుడుచుకుంది.

"ఇప్పుడు అతికేదే ఆఖరండి. ఇది దిగాక ఖాళీ చేసేస్తాం" అంది.

రావమ్మను కొడుకు చెయ్యి పట్టి లేపితే లేచి వెళ్ళిపోయింది.

లాయరు తల కొట్టుకున్నాడు. భానుచందర్ కొన్నాళ్ళు తల్లితో మాటలు మానేసి, చివరకు వాడే వెళ్ళి వీధి చివర ఒక అద్దె గది చూసొచ్చాడు. దానికి గచ్చు నేల. కాళ్ళు పెట్టుకునే గుంట తవ్వితేగాని నిలవని మగ్గం అక్కడ నిలవదు. అంటే మగ్గం అమ్ముకుని వేరే పని వెతుక్కోవడమే. చీర మీద చీర దిగుతుంటే పడుగు తరిగిపోతూ వచ్చింది. భద్రమ్మ మగ్గం గదిలోకి వెళ్ళడమే తగ్గించేసింది.

ఆఖరి చీర నేయడం అయిపోయి, పోగులు తెంపడానికి భానుచందర్ కత్తెర తీసుకున్న పూట వాకిట్లో ఆటో ఆగింది. రావమ్మ. ఒంటరిగా, చేతిలో బట్టల సంచితో. మూడంతస్తుల మెట్లూ ఒక్కొక్కటే కూర్చుని కూర్చుని దిగి, బస్సెక్కి వచ్చిందట. దారిలోనే తన లాయరుకు ఫోను చేసి, దావా వెనక్కి తీసుకుంటానని చెప్పేసిందట. లక్ష్మీకాంత్‌కీ చేసింది. వాడు ముందు అరిచి, తర్వాత మాత్రలు మర్చిపోయావు, రేపు తెచ్చిస్తానన్నాడట.

"పడుగు దిగదని మా ఆయనకు తెలుసే భద్రా" అంది ఆయాసపడుతూ. "కాగితం రాసిన మరుసటేడే తెలిసింది. నాకు చెప్పి నవ్వాడు కూడా. ఆ రోజు నువ్వు అబద్ధమాడితే నీ మీద కోపం తెచ్చుకుందామని అడిగా. నువ్వు ఆడలా."

రావమ్మ సంచి కింద పెట్టింది.

"నాకిక్కడ ఒక మంచం వేసుకునే చోటిస్తావా?"

స్థలం గలావిడ అద్దెకున్నావిడను అడిగిన మాట ఇది. దీన్ని ఏ చట్టంలో రాసుకుంటారో రాసుకోండి. భద్రమ్మ ఏడుస్తూనే వెళ్ళి కొడుకు చేతిలో కత్తెర లాగేసుకుంది, కొత్త నూలు తెమ్మని వాణ్ణి బయటికి తరిమింది, గాలి వచ్చే ముందు గదిలోంచి తన మంచం తీసేసి చీపురు పట్టింది. ఊడుస్తూ ఊడుస్తూ ఉండగా దిగులు పుట్టింది. ముందు గదికీ మగ్గానికీ మధ్య ఉన్నది ఒక్క గోడే.

"మగ్గం చప్పుడుకు మీకు నిద్ర పట్టదేమో అక్కగారూ."

"ఆ మూడో అంతస్తులో ఏ చప్పుడూ లేదే భద్రా" అంది రావమ్మ చెప్పులు విప్పుతూ. "ఒక్క రాత్రయినా నిద్రపోయానా?"