తివాచీ నేసేవాడు

పొద్దెక్కేసరికే బాషా రెండు వరుసలు ముడులు వేశాడు. ఎర్ర ఉన్ని పోగును నిలువు దారాల చుట్టూ తిప్పడం, లాగడం, కత్తితో తెంచడం. నలభై ఏళ్లుగా అదే పని. వేళ్ల చివర్లు కాయలు కాశాయి. గోళ్ల సందుల్లో రంగు దిగిపోయింది. మగ్గం ముందు ఎండలో తేలే ఉన్ని నూగంతా అతని ఊపిరిలోకే పోయేది.

అది పందొమ్మిదివందల ముప్ఫై అయిదు డిసెంబరు. షెడ్డు తలుపు దగ్గర ఒక దొర మూడుకాళ్ల కర్రమీద కెమెరా పెట్టె నిలబెట్టాడు. ఫిన్లాండు అనే చలిదేశం నుంచి వచ్చాడట. అక్కడ తన ఊళ్లో చేపలు పట్టేవాళ్లనీ, రొట్టెలు కాల్చేవాళ్లనీ ఇలాగే కదిలే బొమ్మ తీశాడట. అతని మాటలు తెలుగులో చెప్పడానికి ఏలూరు బడి మాష్టారు కృపావరం వెంట వచ్చాడు.

“కథేం లేదండీ బాషాగారూ. రోజూ చేసేదే చెయ్యమంటున్నారు.”

“దాన్నెవరు చూస్తారండీ?”

“వాళ్ల దేశంలో జనం. తెరమీద.”

దొర కెమెరా పిడి తిప్పసాగాడు. బాషా వీపు నిటారుగా పెట్టాడు. రెండో ముడికే దగ్గు ఎగదన్నింది. పళ్లు బిగించి మింగేశాడు. కళ్లలో నీళ్లు తిరిగాయి గాని వేళ్లు ఆగలేదు. పిడి ఆగాక మాత్రం కూర్చున్న పలకమీదే వంగిపోయి చాలాసేపు దగ్గాడు.

దొర ఏదో అన్నాడు.

“దగ్గొస్తే ఆపుకోవద్దంటున్నారండీ,” అన్నాడు కృపావరం. “అదీ రోజూ ఉన్నదేగా అని.”

బాషా తువ్వాలుతో నోరు తుడుచుకుని, దానిమీది నెత్తుటి మరకను మడతలోకి తిప్పేశాడు.

“వద్దండీ. చూసినవాళ్లు నన్ను దగ్గేవాడనుకుంటారు. తివాచీ నేసేవాడనుకోవాలండీ.”

కృపావరం ఆ మాట చెప్పగానే దొర తల వంచుకున్నాడు. రేపు పొద్దున్న ఇంటిదగ్గర అన్నం తినేటప్పుడు తీస్తానని చెప్పించి వెళ్లాడు.

మధ్యాహ్నం ఇంటికొచ్చి బాషా ఈ సంగతంతా భార్య రహీమున్నీసాకు చెప్పాడు.

“చొక్కా ఉతికిపెట్టు.”

“నన్ను కూడా తీస్తారాండీ?”

“వడ్డించేది నువ్వేగా.”

ఆమె కొంగు నోటికడ్డం పెట్టుకుని నవ్వింది.

నాలుగు ముద్దలు కూడా దిగలేదతనికి. కాసేపు నడుం వాల్చి మళ్లీ పనికెళతానని చాపమీద గోడవైపు తిరిగి పడుకున్నాడు. ఆమె కాలరుకు రెండుసార్లు సబ్బు పెట్టి, ఉతికి, ఆరేసి వచ్చింది.

“ఏవండీ, వేళైంది.”

భుజం తట్టింది. అతని చెయ్యి జారి నేలమీద పడింది.

సాయంత్రానికే మట్టి చేశారు. తెల్లవారి దొర పెట్టె మోసుకుంటూ వచ్చాడు. కృపావరం సందు మొదట్లోనే ఎదురెళ్లి చెప్పాడు. దొర పెట్టె దించి, టోపీ తీసి, అక్కడే నిలబడిపోయాడు.

పెరట్లో దండెంమీద చొక్కా, ఎవరూ తీయక, రాత్రి మంచుకు మళ్లీ తడిసి వేలాడుతోంది.