మాస్టారు వినిపించని అధ్యాయం

మాస్టారి పుస్తకాలన్నీ నా చేతి మీదుగానే అచ్చుకు వెళ్ళాయి. బజారు వీధిలో, చెప్పుల కొట్టుకూ ఫొటో స్టూడియోకూ మధ్య నాకొక చిన్న డీటీపీ సెంటరు ఉంది. బళ్ళ ప్రశ్నపత్రాలు, దుకాణాల కరపత్రాలు, మధ్యమధ్యలో మాస్టారు. ఆయన రాసేవన్నీ బందిపోట్ల పుస్తకాలే. కొండల్లో దాక్కుని రాజుల బళ్ళు దోచినవాళ్ళు, ఇచ్చిన మాట కోసం తల ఇచ్చినవాళ్ళు, పరువు కోసం తోబుట్టువును నరికినవాళ్ళు. కొందరు చరిత్రలో ఉన్నవాళ్ళు, కొందరు కథల్లో ఉన్నవాళ్ళు. ఎవరు ఎటువైపో ఆయనకే సరిగా గుర్తుండదని నా అనుమానం.

టైపు చేసీ చేసీ నేనొకటి కనిపెట్టాను. చంపిన మగవాడికి పేజీలకు పేజీలు ఉంటాయి. అతనికొక మీసం, ఒక గుర్రం, ఒక నీతి ఉంటాయి. ఆడదానికి ఒకటే పని, చివర్లో పోలీసులకు తలుపు తియ్యడం.

"మాస్టారూ, మీ పుస్తకాల్లో తలుపులన్నీ ఆడవాళ్ళే తీస్తారేంటండీ?" అని ఒకసారి అడిగాను.

"ఇంట్లో ఉండేది వాళ్ళే కదమ్మా," అని నవ్వేశారు. ఆ నవ్వు ఇప్పుడు తలచుకుంటే ఒళ్ళు మండిపోతుంది.

ఆ మాస్టారే ఒకరోజు మా ఇంటి కథ అడిగారు. మా ఇంట్లోనూ ఒక బందిపోటు ఉన్నాడు మరి. మా నాన్నకు సొంత అన్న, నాకు పెదనాన్న. 'పొడుగాయన' అంటే ఈ చుట్టుపక్కల చంటిపిల్లలకు కూడా తెలుసు. వడ్డీ వ్యాపారుల గిడ్డంగులు కొల్లగొట్టి ధాన్యం పంచినవాడు. మనుషుల్ని చంపినవాడు కూడా. ఆ సంగతి మా ఇంట్లో ఎవరూ దాచరు, గొప్పగా చెప్పుకోరు. నేను పుట్టకముందే ఒక మిట్టమధ్యాహ్నం మా పెరట్లో దొరికిపోయి ఉరికంబం ఎక్కాడు. ఎవరు పట్టించారో ఊరికి తెలియదు.

ఆయన భార్యే మా పెద్దమ్మ. నాకు ఊహ తెలిసేసరికి అమ్మ లేదు. నాకు జడ వేసిందీ, అన్నం కలిపి పెట్టిందీ, చెంప ఛెళ్ళుమనిపించిందీ పెద్దమ్మే. ధాన్యం మిల్లులో పనిచేసి, ఆ సంపాదనతోనే మా నాన్నను కూడా పెంచి పెద్దవాణ్ణి చేసింది. ఇప్పుడు నాన్నకు కలప అడితి ఉంది. వర్తక సంఘానికి ఆయనే అధ్యక్షుడు. 'పొడుగాయన తమ్ముడు' అన్న పేరు లేకపోతే తనకు ఒక్క దుంగ కూడా ఎవరూ అరువివ్వరని ఆయనే అంటుంటాడు.

పెద్దమ్మ ఇన్నేళ్ళూ ఎవరికీ ఏమీ చెప్పలేదు. పత్రికల వాళ్ళొస్తే మంచినీళ్ళిచ్చి పంపించేసేది. మాస్టారికి మాత్రం నోరు విప్పింది. దానికి కారణం ఆయన నియమం. బతికున్నవాళ్ళ గురించి రాస్తే, రాసింది వాళ్ళింటికే తెచ్చి చదివి వినిపిస్తారు. వాళ్ళు సరేనంటేనే అచ్చు. పెద్దమ్మకు చూపు మందగించింది కాబట్టి ఆ నియమం ఆవిడకు మరీ నచ్చింది.

ఆదివారాలు మా వరండాలో మాస్టారు చదివేవారు, పెద్దమ్మ దిద్దేది.

"ఆయన అలా నవ్వరు బాబూ. ఆయన నవ్వితే చప్పుడు రాదు, భుజాలు కదులుతాయంతే."

మాస్టారు బుద్ధిగా కొట్టేసి మళ్ళీ రాసుకునేవారు. అది చూసి నేనే మురిసిపోయాను. పెద్దమ్మ దుప్పటి సంగతి చెప్పింది కూడా అలాంటి ఒక ఆదివారమే.

"పెరటి గోడ మీద ఎర్ర దుప్పటి ఆరేసి ఉంటే ఇంటి చుట్టూ ఎవరూ లేరని గుర్తు. లేకపోతే అటునుంచి అటే వెళ్ళిపోయేవారు. ఇది బయటివాళ్ళకి ఎవరికీ చెప్పలేదు బాబూ. నీకే చెబుతున్నా."

"మరి ఆ రోజు?"

"ఆ రోజు నేను మిల్లులో ఉన్నా. కబురు విని పరిగెత్తుకొచ్చేసరికి దుప్పటి గోడ మీదుంది. ఇంటినిండా పోలీసులు."

"ఎవరు వేశారమ్మా?"

"పొయ్యి మీద పాలున్నాయి," అంటూ పెద్దమ్మ లోపలికి వెళ్ళిపోయింది. పొయ్యి మీద ఏ పాలూ లేవు.

పుస్తకం పూర్తయింది. ఆఖరి అధ్యాయం మాత్రం నాకు రాలేదు. "నీకు పరీక్షల సీజను కదమ్మా, అది ప్రెస్సు వాళ్ళే చూసుకుంటారులే," అన్నారు మాస్టారు. నాకు నిజంగానే ఊపిరి సలపని పని ఉంది. ఆయన దయకు పొంగిపోయాను.

ఆవిష్కరణ గ్రంథాలయం హాల్లో, సాయంత్రం. పెద్దమ్మను వేదిక మీద కూర్చోబెడతామన్నారు. మధ్యాహ్నం కొత్త పుస్తకాల కట్టలు హాలుకు వెళ్తూ, ఒకటి నా షాపుకు కూడా వచ్చింది. తాడు కోసి, ఒక ప్రతి తీసి, నేను చదవని ఆ ఆఖరి అధ్యాయం తెరిచాను.

'పోలీసులు చూపిన ఆశకు ఆమె లొంగిపోయింది. దాగుడుమూతల కాపురంతో విసిగిన ఆ ఇల్లాలు, నల్ల అంచున్న ఆ ఎర్ర దుప్పటిని తన చేతులతో తానే గోడ మీద పరిచింది.'

రెండోసారి చదివాను. అరికాలి మంట నెత్తికెక్కింది. షాపుకు తాళం కూడా వెయ్యకుండా హాలుకు పరిగెత్తాను.

మాస్టారు కుర్చీలు సర్దిస్తున్నారు. నా చేతిలో పుస్తకం చూసి, "అట్ట బాగా వచ్చింది కదమ్మా," అన్నారు.

"వినిపించకుండా అచ్చు వెయ్యనన్నారే!"

"వినిపించాను."

"ఎవరికి?"

"ఇంటి పెద్దకి. మీ నాన్నగారికి." ఆయన గొంతులో తడబాటు లేదు. "నా అంతట నేను ఒక్క ముక్క కల్పించలేదమ్మా. వదినే పరిచిందని చెప్పింది ఆయనే. వినిపిస్తే, దుప్పటికి నల్ల అంచుండేది, అది కూడా వెయ్యండి అని దిద్దించారు. అయినా పట్టించినవాళ్ళెవరో తేలని బందిపోటు కథ ఉప్పు లేని కూర. ఎవరు కొంటారు?"

"ఉప్పు కావాలంటే కొట్లో కొనుక్కోండి. మా పెద్దమ్మ కళ్ళలోంచి తియ్యకండి," అని అరిచాను. కుర్చీలు మోసేవాళ్ళు ఆగి చూశారు. మాస్టారు కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు.

అడితిలో నాన్న దుంగలకు గుర్తులు పెడుతున్నాడు.

"నాన్నా, దుప్పటి వేసింది పెద్దమ్మేనని చెప్పావా?"

"అడుగుతుంటే ఏం చెప్పను? ఎవరో ఒకరు వెయ్యాలిగా."

"పెద్దమ్మ మిల్లులో ఉంది. గుర్తు తెలిసింది మీ ముగ్గురికే. ఇంట్లో ఉన్నది నువ్వొక్కడివే."

నాన్న సుద్దముక్క కింద పెట్టాడు.

"అప్పటికి నాకు మీసం కూడా సరిగా రాలేదే. స్టేషన్లో బోర్లా పడుకోబెట్టి కొట్టారు. ఆ దెబ్బలు నీకేం తెలుసు?"

"సరే. దెబ్బలకు తాళలేక చేశావు. నేనైనా చేసేదాన్నేమో. మరి ఇప్పుడెవరు కొట్టారు నాన్నా నిన్ను?"

ఆయన నా వైపు చూడలేదు. "నాకు అడితి ఉంది, సంఘం ఉంది. రేపు నీ పెళ్ళి చెయ్యాలి. వదినకేముంది పోయేది? పిల్లా పీచా? ఇంకెన్నాళ్ళుంటుంది?"

నమ్మి నానబోస్తే పుచ్చి బుర్రలైనాయని పెద్దమ్మే అంటుంటుంది. మాస్టారు బయటివాడు, ఆయన్ని తిట్టుకోవచ్చు. ఈయన ఆవిడ చేతి అన్నం తిని పెరిగినవాడు, నన్ను భుజాల మీద మోసినవాడు. తడిగుడ్డతో గొంతు కోసి, ఆ గుడ్డ మళ్ళీ తీగ మీద ఆరేసినట్టుంది ఆయన వాలకం. నాకు ఏడుపు రాలేదు. అసహ్యం వేసింది. కన్నతండ్రి మీద అసహ్యం వేసినందుకు ఇంకా కోపం వచ్చింది.

ఇంటికొచ్చేసరికి పెద్దమ్మ తల దువ్వుకుని, ఉతికిన బట్టలు కట్టుకుని ముందుగదిలో కూర్చుని ఉంది.

"తెచ్చావా? ఆఖరిది చదువు. ఆ అబ్బాయి అది వినిపించడం మర్చిపోయాడు."

మార్చి చదువుదామనుకున్నాను. నోటిదాకా వచ్చింది కూడా. కానీ ఆవిణ్ణి మోసం చేసినవాళ్ళు అప్పటికే ఇద్దరున్నారు. ఉన్నది ఉన్నట్టు చదివాను. పెద్దమ్మ కదలకుండా విన్నది.

"ఇది మీ నాన్న విన్నాడా?"

"విన్నాడు."

"వింటూ ఏడ్చాడా?"

ఆ ప్రశ్న నాకు అర్థం కాలేదు. "లేదు పెద్దమ్మా. దుప్పటికి నల్ల అంచుండేదని దిద్దించాడట."

పెద్దమ్మ రెండు చేతులూ ఒళ్ళో పెట్టుకుని వాటి వంకే చూసింది.

"ఆ రోజు చేతులు విరిచి కట్టి నా ముందునుంచే తీసుకెళ్ళారు. మీ పెదనాన్న ఒక్క మాటన్నారు. 'తమ్ముడి పేరు ఎక్కడా ఎత్తకు. బతికినంత కాలం లోపల ఏడుస్తాడు. ఆ శిక్ష చాలు వాడికి' అని. సరేనని ఒట్టేశాను. వాడు నవ్వినా, పెళ్ళి చేసుకున్నా, అడితి పెట్టినా, లోపల ఏడుస్తూనే ఉన్నాడులే పాపం అనుకున్నా. అలా అనుకునే అన్నం పెట్టా." ఒళ్ళోని చేతులు తీసి పుస్తకం మూసేసింది. "ఏడవనే లేదన్నమాట."

నేను ఆవిడ పక్కన కింద కూర్చున్నాను. ఓదార్చడానికి నా దగ్గర ఏమీ లేదు. నేను ఆ నాన్న కూతుర్నే.

"పెద్దమ్మా, హాలుకు వెళ్ళొద్దులే."

"ఎందుకు వెళ్ళను? వాడు ఏడుస్తాడన్న నమ్మకం మీద వేసిన ఒట్టు అది. వాడే ఏడవనప్పుడు ఇంకా ఎవరికోసం మొయ్యను?" అంటూ గోడ పట్టుకుని లేచింది. "నీకు తండ్రి. నిన్ను రమ్మనను. దారి చెప్పు, నేనే పోతా."

నేనే తీసుకెళ్ళాను.

హాలు నిండిపోయింది. చాలామంది చేతుల్లో పుస్తకం అప్పటికే ఉంది, వెనక వరసల్లో గుసగుసలు మొదలయ్యాయి. నాన్న ముందు వరసలో సంఘం వాళ్ళ మధ్య కూర్చున్నాడు. మాస్టారు పెద్దమ్మను కుర్చీలో కూర్చోబెట్టబోతే ఆవిడ కూర్చోలేదు.

"రెండు ముక్కలు మాట్లాడాలి," అంది.

మాస్టారు నా వైపు చూశారు. నాన్న కూడా నా వైపే చూస్తున్నాడు. మొహం పాలిపోయి ఉంది. వద్దమ్మా, వద్దు అన్నట్టు నెమ్మదిగా తల ఊపుతున్నాడు. ఆయన కళ్ళలో నీళ్ళు అప్పుడు చూశాను. ఆ నీళ్ళు ఎవరికోసమో నాకు తెలుసు.

మైకు పెద్దమ్మకు అందలేదు. స్టాండు మర తిప్పి, ఆవిడ నోటికి అందేలా నేనే కిందకు దించాను.