ముందే అన్న సరే

కిసాబురో గోరు చీలిన బొటనవేలితో కాగితపు నక్కపిల్ల చెవిని వెంట్రుకవాసి పైకి జరిపి, చెయ్యి వెనక్కి తీసుకుని, "సరే" అన్నాడు. బల్లకి పైన బిగించిన కెమెరా దగ్గరున్న షింపెయి పిడి ఒక్క చుట్టు తిప్పి ఒక్క బొమ్మ తీశాడు. మళ్లీ జరపడం, మళ్లీ సరే. అలా తీసిన బొమ్మలన్నీ వరసగా ఆడితే తెరమీద నక్కపిల్ల నడుస్తుంది. క్యోటోలోని ఆ ఇరుకు గదిలో పదకొండేళ్లుగా ఇద్దరి మధ్యా నడిచిన మాటల్లో సగానికి సగం ఆ ఒక్క మాటే. కిసాబురోకి పెళ్లాం లేదు, పిల్లల్లేరు. అతని మాట కోసం రోజంతా చెవొగ్గి కూర్చునే మనిషి లోకంలో షింపెయి ఒక్కడే.

ఆ షింపెయికి ఇవాళే ఆఖరు రోజు. మధ్యాహ్నం బండికి మైజురులో తమ్ముడి దగ్గరికి పోతున్నాడు.

కిందటి నెల సినిమాహాల్లో నక్కపిల్ల మంచులో నడుస్తుంటే తెరమీద నల్లటి మచ్చ ఒకటి కనిపించి మాయమైంది. తెర పక్కన నిలబడి కథ చెప్పే ఆయన ఊరుకుంటాడా? "అదుగో, నక్క వాళ్ల మామయ్య తొంగిచూసి పోయాడు" అన్నాడు. హాలంతా గొల్లుమంది. వీళ్ల యజమాని ఒకుయామ మొహం కందగడ్డ అయింది. కెమెరాలో పురుగు దూరిందని ఆయనే తేల్చేశాడు. షింపెయి నడుం వంచి, "తప్పు నాదేనండి" అన్నాడు. ఉద్యోగం పోయింది.

తప్పెవరిదో కిసాబురోకి తెలుసు. ఆ మంచు నడక తీసిన రోజు తోక సర్దుతూ, ఎంచేతో నక్కపిల్ల వీపు నిమిరాడు. చెయ్యి తియ్యకముందే నోరు సరే అనేసింది, షింపెయి పిడి తిప్పేశాడు. యాభై రెండేళ్లవాడు కాగితం నక్కని నిమురుతూ కూర్చున్నానని ఏ మొహం పెట్టుకుని చెబుతాడు? సిగ్గేసి నోరు మూసుకున్నాడు. అలా మూసుకున్నందుకు ఇప్పుడు అంతకు పదింతలు సిగ్గుగా ఉంది. ఇవాళ చెప్పి తీరాలనుకున్నాడు.

మధ్యాహ్నం ఒకుయామ వచ్చాడు. "ఏం షింపెయి, తమ్ముడింట్లోనైనా పురుగులు చూసుకుని తిను."

కిసాబురో లేచి నిలబడ్డాడు. "అయ్యా..."

"ఏంటయ్యా?"

"ఏం లేదండి. జిగురు అయిపోయింది."

షింపెయి మూట భుజాన వేసుకుని, గుమ్మంలో చెక్కచెప్పులు తొడుక్కున్నాడు. "కిసాబురో అన్నా, వేళకి అన్నం తిను."

"సరే" అన్నాడు కిసాబురో. చెప్పుల చప్పుడు వీధి మలుపు దాకా వినిపించింది.

కిసాబురో తన అన్నం డబ్బాకి కట్టిన గుడ్డ విప్పబోతే ముడి కింద వేలెడంత ఫిల్ము ముక్క దొరికింది. కిటికీ వెలుతురుకి ఎత్తి చూశాడు. మంచులో నక్కపిల్ల బొమ్మలు మూడు. యజమాని కంటపడకముందే షింపెయి దాన్ని కత్తిరించి దాచేశాడన్నమాట. నడిమి బొమ్మలో నక్కపిల్ల వీపు మీద ఓ బొటనవేలు, ఎప్పుడో చాకు తగిలి రెండుగా చీలిన గోరుతో సహా, ఇంకా నిమురుతూనే ఉంది.