పదకొండో టేక్

తన మొదటి సినిమాలో అన్నదమ్ముల పాత్రల కోసం డేవియన్ మెంఫిస్ నగరమంతా గాలించి, చివరికి ఇంట్లోవాళ్ళనే పట్టుకున్నాడు. వాళ్ళ నాన్న ఓర్డెల్ ముప్పయ్యేళ్ళు సిటీబస్సు నడిపిన మనిషి. బాబాయి క్లియోటిస్ ఆదివారం చర్చిలో పాడతాడు, మిగతా ఆరు రోజులూ వాగుతాడు.

సీను చిన్నదే. ఆస్పత్రి నుంచి ఇంటికొచ్చిన తమ్ముణ్ణి అన్న కావలించుకుని, "నీకేమైనా అవుతుందేమోనని భయపడ్డానురా" అనాలి. పెరట్లో ఒక పక్క పంది పక్కటెముకలు పొగలో మగ్గుతున్నాయి. కెమెరా వెనక డేవియన్ స్నేహితురాలు కెటూరా నిలబడింది.

పది టేకులయ్యాయి. ఓర్డెల్ ఒకసారి తమ్ముడి వీపు మీద గుద్దాడు. ఒకసారి "బాగా చిక్కావురా" అన్నాడు. మిగతా అన్నిసార్లూ "భయ" దాకా వచ్చి దగ్గాడు.

"స్టాపు వచ్చినట్టు అక్కడే ఆపేస్తావేంటన్నయ్యా?" క్లియోటిస్ పడీ పడీ నవ్వాడు.

"నోర్ముయ్. మగాళ్ళు ఎక్కడన్నా ఇట్లా మాట్లాడుకుంటారా?"

"మాట్లాడుకోరనే కదా నాన్నా ఈ సినిమా తీస్తున్నది!" డేవియన్ నెత్తి కొట్టుకున్నాడు. "సరే, ఇంకొక్కసారి."

పదకొండోసారి ఓర్డెల్ తమ్ముణ్ణి కావలించుకున్నాడు. ఈసారి దగ్గలేదు.

"పోయిన చలికాలం నీ గుండె కోసినప్పుడు ఆస్పత్రికొచ్చా. పైకి రాలేకపోయా. కిందే, కార్లో కూర్చున్నా. మూడు రోజులు."

ఇదేదీ డేవియన్ రాసింది కాదు. నాన్న ఆ మూడు రోజులూ చేపల వేటకెళ్ళాడనే ఇంట్లో అందరూ అనుకున్నారు. 'కట్' అనబోయినవాడు ఆగిపోయాడు.

"తెలుసు," అన్నాడు క్లియోటిస్. "కిటికీలోంచి నీ ఎర్ర డొక్కు కారు కనపడుతూనే ఉంది. నర్సుక్కూడా చూపించా, అదిగో మా అన్నయ్య అని."

"మరి చెప్పవేంరా?"

"చెప్తే సిగ్గుపడి ఇంటికెళ్ళిపోతావని."

ఓర్డెల్ నవ్వబోయాడు. నవ్వు సగంలోనే విరిగింది. తమ్ముడి భుజం మీద మొహం పెట్టుకుని ఏడ్చేశాడు. క్లియోటిస్ జీవితంలో మొదటిసారి ఏమీ వాగలేదు.

కాసేపటికి ఓర్డెల్ మొహం తుడుచుకున్నాడు. "మళ్ళీ చెయ్యాలా?"

"వద్దు నాన్నా, చాలు."

చొక్కాకి పెట్టిన మైకు తీయడానికి దగ్గరికెళ్ళిన డేవియన్, తీశాక కూడా పక్కకి జరగలేదు. తండ్రి నడుం చుట్టూ చేతులు వేశాడు.

"ఏంట్రా ఈ వయసులో, ఆ పిల్ల చూస్తోంది," అని గొణుగుతూనే ఓర్డెల్ కొడుకు మెడ మీద చెయ్యేసి దగ్గరికి లాక్కున్నాడు.