కొక్కేనికి తగిలించిన మొహమాటం

ప్రతి శనివారం సాయంత్రం ఆ హాల్లో కౌన్సెలింగుకి వచ్చినవాళ్ళు ఏడు కుర్చీలు గుండ్రంగా వేసుకుని కూర్చుంటారు. లోపలికొచ్చే ముందు ఎవరి బాధని వాళ్ళు గుమ్మం పక్కనున్న కొక్కేనికి తగిలించాలి, పోయేటప్పుడు పట్టుకుపోవాలి. అది కౌన్సెలర్ మేడం నియమం. పొద్దున్న అదే హాల్లో పిల్లలకి డాన్సు క్లాసు. ఒకసారి ఎవరిదో నిద్రలేమి అక్కడే ఉండిపోతే, పిల్లలు రాత్రుళ్ళు ఇంట్లో కూడా ఆడుతూనే ఉన్నారు. తల్లులు పోట్లాటకొచ్చారు.

టైలరమ్మది మొహమాటం. బూడిదరంగుది, పొడుగాటిది, వాళ్ళమ్మ నుంచి వచ్చింది. నడిస్తే కాళ్ళకి అడ్డం పడేది. బస్సు డ్రైవరుది బల్లులంటే భయం. ఆ మీసాలు చూస్తే ఎవరూ నమ్మరు. అదీ బూడిదరంగే.

"రేపు మా అన్నయ్య వస్తున్నాడు. నా ముందుగదిలో ఫోన్ల షాపు పెడతాట్ట. నన్ను మిషను తీసుకుని వెనక వరండాలోకి పొమ్మంటాడు. అక్కడికెవరొస్తారు? నా పని పోయినట్టే" అంది టైలరమ్మ.

"ఇవ్వనని చెప్పమ్మా" అన్నాడు డ్రైవరు.

"ఇక్కడ చెప్తా బాబాయ్. ఇక్కడ ఎవరికైనా చెప్తా."

నిజమే. డ్రైవరు అన్నయ్యలా నటిస్తూ అడిగితే ఖణేల్మని "ఇవ్వను" అంది. అందరూ చప్పట్లు కొట్టారు. ఏం లాభం? మొహమాటం బయట వేలాడుతుంటే లోపల ధైర్యం ఎవరికుండదు?

వెళ్ళే వేళకి కరెంటు పోయింది. తడుముకుని, చేతికందినది భుజాన వేసుకుని ఎవరి దారిన వాళ్ళు పోయారు.

మర్నాడు అన్నయ్య టేపు పట్టుకుని వచ్చాడు, గదిని కొలవడానికే తప్ప అడగడానికి కాదు. చెల్లెలు కటింగ్ టేబులెక్కి నిలబడి ఉంది.

"దిగు, కొలవాలి."

"ముందా ట్యూబ్‌లైటు వెనక బల్లిని తోలు."

"నీకు బల్లంటే భయమెప్పట్నించి?"

"నిన్నట్నించి. గది మాత్రం ఇవ్వనన్నయ్యా."

చీపురెత్తినవాడు ఎత్తినట్టే ఆగిపోయాడు. "ఏంటీ?"

"వెనక వరండా బాగుంటుందన్నావుగా. నీ షాపు అక్కడ పెట్టుకో."

మాట అన్నయ్యతో, కళ్ళు మాత్రం బల్లి మీదే.

"నీతో మాటలేంటి, వచ్చే ఆదివారం వడ్రంగితో వస్తా" అన్నాడు అన్నయ్య. పోతూ పోతూ సంచిలోంచి చొక్కా తీసి మిషను మీద పడేశాడు. "దీనికి కాలరు చిరిగింది, కుట్టి పంపు."

అక్కడ డ్రైవరు వారమంతా చెయ్యెత్తిన ప్రతివాడికీ బస్సు ఆపాడు. తల గోక్కుంటున్నవాడికీ ఆపాడు. "కాస్త మా వీధిలోంచి పోనియ్" అంటే కాదనలేక వీధుల్లోకీ తిప్పాడు.

శనివారం వస్తూనే టైలరమ్మని పట్టుకున్నాడు. "తల్లీ, నీకు దణ్ణం పెడతా, నీది నువ్వు తీసుకో. మేనేజరు స్టీరింగు లాక్కునేలా ఉన్నాడు."

"మంచేం జరగలేదా?"

డ్రైవరు మీసం సవరించుకున్నాడు. "ఒక ముసలావిడ దిగుతూ తల నిమిరింది. ఇన్నేళ్ళ సర్వీసులో ఎవరూ నిమర్లేదు."

టైలరమ్మ అతని బల్లిభయం అతనికిచ్చేసి, మొహమాటాన్ని తొడుక్కోకుండా ఒళ్ళో పరుచుకుని చూసింది. అంతా అమ్మ కొలత. తనకి మొదట్నించీ పెద్దదే. సంచిలోంచి కత్తెర తీసింది. కత్తిరించకూడదని మేడం నియమాల్లో లేదు. తన భుజాలకి సరిపడా ఉంచుకుంది. డ్రైవరుకి చేతిరుమాలంత ఇచ్చింది. మిగిలిన ముక్క మడిచి సంచిలో పెట్టుకుంది.

"అదెవరికి?" అన్నారు మేడం.

"మా ఇంట్లో ఒకరికి అసలు లేదండీ."

ఆ రాత్రే ఆ ముక్కని కాలరు లోపల అస్తరుగా వేసి, చొక్కా కుట్టి పంపించింది.

ఆదివారం అన్నయ్య ఆ చొక్కా వేసుకునే వచ్చాడు. వడ్రంగిని వీధిలోనే నిలబెట్టి, గుమ్మం దాకా వచ్చి ఆగాడు. కాలరు సవరించుకున్నాడు. చేతిలో టేపుని జేబులో దాచుకున్నాడు.

"లోపలికి రావచ్చా?" అన్నాడు.

టైలరమ్మ మిషను ఆపకుండానే స్టూలు చూపించింది.