మా ఆయన వాంగ్మూలం

"ఏమే, ఆ రోజు నేను వాల్వు ఎన్నింటికి తిప్పాను?" అని అడిగాడు మా ఆయన.

నేను ఆయన చొక్కా ఇస్త్రీ చేస్తున్నాను. కాలరు దగ్గర ముడత ఓ పట్టాన పోవడం లేదు. తలెత్తకుండానే చెప్పాను.

"ఐదూ పదికి పై వీధికి. ఆరింటికి కింది వీధికి."

"మోటారు?"

"నాలుగున్నరకి వేశారు."

"ఆఁ, నాలుగున్నరకి వేశాను," అని చిన్న కాగితం మీద రాసుకున్నాడు. పెదాలు కదుపుతూ రెండుసార్లు చదువుకున్నాడు. మూడోసారి కళ్ళు మూసుకుని తనకి తానే అప్పజెప్పుకున్నాడు. నాకు నవ్వొచ్చింది. తాను తిప్పని వాల్వుకి వేళలు బట్టీ పడుతున్నాడు, అదీ నేను చెప్పగా. నవ్వు సగంలో ఉండగానే గిలక గుర్తొచ్చింది. ఇస్త్రీపెట్టె పక్కన పెట్టేశాను.

గిలక మా కుట్టు వదిన కూతురు. ఆవిడ వరసకి వదిన కాదు, మనసుకి వదిన. తోటల దారి చివర ఇంట్లో మిషను కుట్టుకుంటూ ఒంటి చేత్తో పిల్లని పెంచింది. తొమ్మిదేళ్ళ కిందట ఆ పిల్లని, నిండా పదహారేళ్ళు లేనిదాన్ని, ఎవరో గొంతు నులిమి కాలువలో పడేశారు. ఎవరన్నది ఇప్పటికీ తేలలేదు. కేసు అటకెక్కింది. ఈమధ్య కొత్తగా వచ్చిన పోలీసు అధికారి ఆ కాగితాలు దింపి దుమ్ము దులిపాడట. అప్పుడు వాంగ్మూలం ఇచ్చినవాళ్ళందరినీ ఈ ఆదివారం పదకొండింటికి బడికి రమ్మని కబురు పెట్టాడు. వాళ్ళలో మా ఆయనే ముఖ్యం. ఆ సాయంత్రం నీళ్ళ ట్యాంకు దగ్గర తానే ఉన్నానని, ఆ పిల్ల ఆ దారిన రాలేదని చెప్పింది ఆయనే. నిజానికి ఆయన అక్కడ లేడు. నేనున్నాను. పిల్ల వచ్చింది.

ఊరికి నీళ్ళు వదలడం మా ఆయన ఉద్యోగం. పెళ్ళైన రెండో ఏడు ఆయనకి నడుం పట్టేసింది. "నాలుగు రోజులు చూసిపెట్టవే," అన్నాడు. నాలుగు రోజులు నలభై అయ్యాయి, నడుం బాగైంది, వాల్వు మాత్రం నా చేతికే అంటుకుపోయింది. పొద్దున పూట ఆఫీసు పైవాళ్ళెవరైనా చూడడానికి వస్తారు కాబట్టి ఆయన వెళ్తాడు. సాయంత్రం ఎవరూ రారు కాబట్టి నేను వెళ్తాను. ఆయన ఆ వేళకి మంగలి షాపులో క్యారమ్స్ ఆడుతుంటాడు. ఓసారి జ్వరంగా ఉండి వెళ్ళలేనంటే మా అత్తగారు, "చక్రం నాలుగు చుట్లు తిప్పి వస్తే అరిగిపోతావా? మగాడు ఒక్క గంట సరదాగా కూర్చోకూడదా?" అంది. వాల్వు మీది ఆ చక్రం తుప్పు పట్టి, గుడ్డ చుట్టి ఒళ్ళంతా బరువేస్తే తప్ప కదలదని ఆవిడకేం తెలుసు. జనాభా లెక్కలవాళ్ళు వచ్చి "మీరేం చేస్తుంటారమ్మా?" అని నన్నడిగితే లోపల్నుంచి మా ఆయన, "ఆవిడేం చెయ్యదండీ, ఇంట్లోనే ఉంటుంది," అని కేకేశాడు. ఆయన చెడ్డవాడై అలా అనలేదు. నిజంగానే అలా అనుకుంటాడు. నాకు తలనొప్పి వస్తే పక్కన కూర్చుని తల నొక్కే మనిషే. మంచివాడు కావడమే నాకొచ్చిన చిక్కు. చెడ్డవాడైతే ఎప్పుడో నోరు విప్పేదాన్ని.

ఊళ్ళో ఆయన్ని నీళ్ళాయన అంటారు, నన్ను నీళ్ళాయన భార్య అంటారు. ఒక్క గిలకే నాకు పేరు పెట్టింది. "నీళ్ళిచ్చేది నువ్వు, పేరేమో మామయ్యకా? సొమ్మొకడిది సోకొకడిది. ఇవాళ్టినుంచి నువ్వు నీళ్ళత్తవి," అంది. బడి అయ్యాక మిగతా పిల్లలతో ఆడి ఆడి, ఐదున్నర ఆ ప్రాంతాన ట్యాంకు పక్కనుంచే ఇంటికి పోయేది. పుస్తకాల సంచీ గట్టు మీద విసిరేసి, పైపు కింద దోసిలి పట్టి తాగినంత తాగి, మిగిలింది నా మీద చల్లేది. బావి గిలక అయినా తాడు లాగినప్పుడే మోగుతుంది, ఈ పిల్ల లాగకుండానే మోగేది. టీచరు ముక్కు, లెక్కల్లో వచ్చిన మార్కులు, పెద్దయ్యాక తను నడపబోయే లారీ, అన్నీ నాకు చెప్పాల్సిందే. చక్రం బిగుసుకుపోతే తనూ వచ్చి దానికి వేలాడేది. "నువ్వూ నేనూ కలిస్తే ఒక మగాడి జీతం అత్తా," అనేది. ఆ పిల్ల వచ్చి వెళ్ళే పావుగంట కోసం నేను పొద్దుటినుంచి ఎదురుచూసేదాన్ని. నాకు పిల్లలు లేరు. ఆ మాట అందరూ నాతో ఎన్నోసార్లు అన్నారు గానీ, గిలక ఉన్నన్నాళ్ళూ నాకు ఆ లోటు తెలియలేదు.

ఆ రోజు జుట్టు భుజాల దాకా కత్తిరించుకుని వచ్చింది. ముందురోజు స్నేహితురాలు కత్తిరిస్తే, రాత్రి చున్నీ కప్పుకుని దాచిందట. పొద్దున్నే వదిన చూసి వీధి వీధంతా వినబడేలా అరిచింది. "ఈ జుట్టుతో మళ్ళీ నా గడప తొక్కకు!" అంది. అందరూ విన్నారు.

"అంతలేసి మాటలందిగా అమ్మ, ఏడ్చావా?" అని అడిగాను.

"ఏడుపెందుకత్తా? అమ్మ కోపం నీకు తెలీదా? మిషను తొక్కుతున్నప్పుడు వెనకనుంచి వెళ్ళి వాటేసుకోవాలి. చేతిలో బట్ట వదలనూ లేదు, నన్ను కొట్టనూ లేదు. నవ్వేస్తుంది." చేతులు చాచి ఎలా వాటేసుకుంటుందో నామీదే చేసి చూపించింది. తడి చేతులు. "తొందరగా వెళ్ళాలి, దీపాలు పెట్టాక అయితే మిషను ఆపేస్తుంది," అని సంచీ భుజాన వేసుకుని తోటల దారి పట్టింది. మలుపులో వెనక్కి తిరిగి చెయ్యి ఊపింది. కాసేపటికి బూడిద రంగు వ్యాను ఒకటి అటే పోయింది. ఈ వేళప్పుడు తోటల్లోకి వ్యానుకేం పని అనుకున్నాను. ఇంతలో కింది వీధికి నీళ్ళు వదిలే వేళైంది, మళ్ళీ చక్రం మీద పడ్డాను.

పిల్ల ఇంటికి చేరలేదు. మర్నాడు పోలీసులు వచ్చారు. వాళ్ళ వెంట నీళ్ళ ఆఫీసు ఇంజనీరూ వచ్చాడు. ఇంజనీరు ఎదురుగా నిలబడి "సాయంత్రం ట్యాంకు దగ్గరున్నదెవరు?" అని అడిగితే, మా ఆయన క్యారమ్స్ ఆడుతున్నానని ఎలా చెప్తాడు? నేనేనన్నాడు. పిల్లని చూశావా అంటే, చూడలేదు కాబట్టి చూడలేదన్నాడు. రోజూ వెళ్ళేది నేనని తెలిసినవాళ్ళు ఆ ఒక్కరోజు ఆయనే వెళ్ళాడనుకున్నారు, క్యారమ్స్ ఆడేవాళ్ళు ఆయన ఉద్యోగం పోతుందని బయటపెట్టలేదు. ఇంటికొచ్చి ఆ సంగతి చెప్పగానే నేను, "వచ్చిందండీ! నాతో మాట్లాడింది!" అన్నాను. ఆయన నా రెండు చేతులూ పట్టుకుని, "ఏ స్నేహితురాలింట్లోనో ఉండుంటుందే, రెండ్రోజుల్లో తనే వస్తుంది. నా ఉద్యోగం తియ్యకే," అన్నాడు. రెండ్రోజులే కదా అనుకున్నాను. మూడో రోజు కాలువలో దొరికింది.

బడినుంచి పోవడానికి రెండే దారులు. ట్యాంకు పక్కనుంచి తోటల్లోకి పోతే వదిన ఇల్లు. రెండోది కాలువ గట్టు, అది బస్సు ఆగే చోటికి పోతుంది. ట్యాంకు మీదుగా రాలేదని నీళ్ళాయన చెప్పాడు కాబట్టి పిల్ల కాలువ గట్టున వెళ్ళిందన్నారు. అటు వెళ్ళిందంటే బస్సెక్కడానికే అన్నారు. బస్సెక్కబోయిందంటే ఎవడితోనో లేచిపోవడానికే అన్నారు. ఆ దారిలో తిరిగే కండక్టర్లని, కుర్రాళ్ళని పట్టుకెళ్ళి కొట్టి వదిలేశారు. తోటల వైపు ఎవరూ కన్నెత్తి చూడలేదు. "తల్లి గడప తొక్కొద్దంది, పిల్ల తొక్కలేదు," అని ఊరంతా అనేసింది. పిల్ల పోయిన దుఃఖం చాలదన్నట్టు వదినకి ఇది గోరుచుట్టు మీద రోకటి పోటు.

నేను చెప్పబోయాను, ఒక్కసారి. అప్పటి పోలీసు పెద్దాయన మంచినీళ్ళ కోసం ట్యాంకు దగ్గర ఆగాడు. గ్లాసు అందిస్తూ, "అయ్యా, ఆ సాయంత్రం నేను..." అన్నాను. ఆయన, "మీ ఆయన అంతా చెప్పాడమ్మా. మొగుడూ పెళ్ళాల మాట ఒకటే కదా, రెండుసార్లు రాయడమెందుకు?" అని నీళ్ళు తాగి గ్లాసు నా చేతికిచ్చాడు. నిజం చెప్పొద్దూ, ఆ గ్లాసు కడుగుతుంటే నాకు కాస్త హాయిగా కూడా అనిపించింది. ఆ హాయిని నేను ఇప్పటికీ క్షమించుకోలేదు.

అప్పట్నుంచీ మధ్యాహ్నం పూట వదిన దగ్గరికి వెళ్ళి గుండీలు, హుక్కులు కుడుతూ కూర్చుంటాను. తొమ్మిదేళ్ళుగా ఆవిడ మిషను తొక్కుతూ తొక్కుతూ ఆగి ఒకటే మాటంటుంది. "నా నోరు పడిపోను, ఆ మాట ఎందుకన్నాను? అది నామీద కోపంతోనే అటు వెళ్ళింది." నేను తేలు కుట్టిన దొంగలా సూదిలో దారం ఎక్కించుకుంటూ ఉంటాను. నేను వెళ్ళేటప్పుడు ఆవిడ నా బుగ్గ పుణికి, "నువ్వు లేకపోతే ఏమైపోయేదాన్నో," అంటుంది. ఇవాళ కాదు, రేపు చెబుదాం అనుకుంటూ ఇంటికొస్తాను. రేపు చెబితే ఈ తొమ్మిదేళ్ళూ నా పక్కన కూర్చుని ఇదా నువ్వు దాచింది అని అడుగుతుంది. ఆ చెయ్యి మళ్ళీ నా బుగ్గ మీదికి రాదు. మా ఆయన ఉద్యోగం కోసం నోరు మూసుకున్నానని చాలాకాలం అనుకున్నాను. ఈ చివరి కొన్నేళ్ళూ మాత్రం వదినని పోగొట్టుకోలేకే మూసుకున్నాను.

చొక్కా తొడుక్కుంటూ మా ఆయన, "ఇంకో రెండేళ్ళేనే. రెండేళ్ళు గడిస్తే రిటైరైపోతాను, ఈ గొడవ ఉండదు," అన్నాడు. పై గుండీ నేనే పెట్టాను. "నువ్వూ రా, నేనేమైనా మర్చిపోతే..." అని ఆగాడు. తోడు వెళ్ళాను.

బడిలో మూడో తరగతి గదిలో కూర్చోబెట్టారు. పిల్లల బల్లలు. మా ఆయన మోకాళ్ళు గడ్డానికి తగిలేలా ఇరుక్కుని కూర్చున్నాడు. వదిన అప్పటికే వచ్చి ఉంది. నన్ను చూసి పక్కకి జరిగి, బల్ల మీద దుమ్ము చేత్తో తుడిచి కూర్చోమంది. ఎదురుగా కొత్త అధికారి, చిన్నవాడే, కాగితాలు తిరగేస్తున్నాడు. మా ఆయన నిలబడి అంతా అప్పజెప్పాడు. నాలుగున్నరకి మోటారు, ఐదూ పదికి పై వీధి, ఆరింటికి కింది వీధి. ఒక్క తప్పు లేదు.

"బాగా గుర్తుందండీ మీకు," అన్నాడు అధికారి. "మరి ఆ అమ్మాయి ఆ దారిన రాలేదని ఖాయంగా చెప్పగలరా? ఇంకోసారి ఆలోచించుకుని చెప్పండి."

"చెప్పన్నయ్యా," అంది వదిన మెల్లగా. "రాలేదంటే రాలేదనే చెప్పు. నేను తట్టుకుంటాను. అలవాటైపోయింది."

మా ఆయన నావైపు చూశాడు. ఇంట్లో కళ్ళజోడు కనిపించనప్పుడు వంటింటివైపు చూసే చూపు. ఆ చూపుకి ఇరవైయేళ్ళకి పైగా నేనే జవాబు చెబుతున్నాను. పాపం అనిపించింది. ఆయన మీద కోపం వెతుక్కున్నాను గానీ దొరకలేదు. ఆయన మీద జాలి ఉంటే ఉండనీ, ఇష్టం ఉంటే ఉండనీ, నా కళ్ళు చూసింది ఆయన నోటితో లేదని చెప్పించడం మాత్రం ఇంక చాలనిపించింది. "నా నోరు పడిపోను" అనే మాట వదిన చచ్చేదాకా అంటూనే ఉంటుంది. నన్ను అసహ్యించుకోవడం అంతకన్నా తేలిక ఆవిడకి.

లేచాను. "మీరు కూర్చోండి," అన్నాను మా ఆయనతో.

"మీరెవరమ్మా?" అన్నాడు అధికారి.

"ఆ సాయంత్రం ట్యాంకు దగ్గర ఉన్నది ఈయన కాదండీ, నేను. ప్రతి సాయంత్రమూ నేనే. పిల్ల వచ్చింది, నీళ్ళు తాగింది, నాతో మాట్లాడి తోటల దారిన వెళ్ళింది. వెనకే బూడిద రంగు వ్యాను అటు పోయింది. అందులో ఎవరున్నారో నేను చూడలేదు. చూసినంతా రాసుకోండి. ఈసారి నా పేరు మీద రాయండి."

మా ఆయన బల్ల మీద కూలబడిన చప్పుడు వినబడింది. అధికారి కొత్త కాగితం తీసుకున్నాడు. ఏదో అడుగుతున్నాడు, ఒక్క నిమిషం ఆగమన్నాను. వదిన నన్నే చూస్తోంది, ఆ చూపులో ఇంకా ఏమీ లేదు, నేనేమన్నానో ఇంకా లోపలికి దిగలేదు. తొమ్మిదేళ్ళుగా దాచిన ఆ మాట పోలీసులకన్నా ముందు ఆవిడకి చెప్పాల్సింది. మోకాళ్ళ మీద కూర్చుని రెండు చేతులూ పట్టుకున్నాను, విడిపించుకుంటుందేమోనని గట్టిగా.

"దానికి నీమీద కోపం లేదు వదినా," అన్నాను. "నిన్ను వాటేసుకోవడానికి ఇంటికే వస్తోంది."