పొయ్యి రాజని పున్నమ

ఓయి కోర్టు అమీను శేషగిరీ, ఓయి పోటీదారుఁడు లేని వేలములో నొక్కఁడవే పాడి కదిరమ్మ బావిచేను కొట్టుకొనిపోయిన పెద్దమనిషీ, మిమ్మునే యడుగుచున్నాను. తప్పెట యెక్కడఁ గొట్టితిరి? ఎవ్వరు వినిరి?

మాఘపూర్ణిమా ప్రభాతమున హిమధూసరిత దిఙ్ముఖమై శీర్ణపత్ర మర్మర ముఖరిత తింత్రిణీవన పరివృతమై నిర్ధూమ నిశ్శబ్ద గృహపంక్తులతో నొప్పు ఉప్పరవంక యను గ్రామము చూచువారికి శ్మశానమువలెఁ దోఁచును. అది చావు గాదు, ఆచారము. తొల్లి మహామారి యూరిని దుడిచిపెట్టిన నాఁటినుండి ఏఁటేఁట నా దినమున సూర్యోదయమునకు మున్నే పొయ్యిలోని నిప్పార్చి తప్పెటకు గుడ్డ చుట్టి కట్టి పసిబిడ్డల నెత్తుకొని పశువులఁ దోలుకొని కుక్కను సైతము విడువక యెల్లరు వంక యావలి తోఁపునకుఁ బోయి చద్ది దిని చంద్రుఁడు పొడిచిన పిదపఁ గాని తిరిగి గడప ద్రొక్కరు.

కదిరమ్మ యా యూరి కాఁపుటిల్లాలు, విధవ. మగఁడు బావి త్రవ్వించుటకుఁ బట్టణపు వీరభద్రప్పయొద్దఁ జేసిన యప్పు తీరకమున్నే గతించెను. వీరభద్రప్ప మునసబుకోర్టున డిక్రీ పొందెను. అంతవఱకు న్యాయమే యనుకొందము. పిదప నొకనాఁడు ఆతని బావమఱఁది గొలుసు పట్టుకొని వచ్చి చేను కొలువఁజొచ్చెను.

"కోర్టు వేలములో నేనే పాడితిని. బావి గిలక మీఁది మోకు విప్పుకొనుమమ్మా" అనెను.

"వేలమా? ఎప్పుడయ్యా?"

"తప్పెట కొట్టినపుడు నిద్రపోయితివి కాఁబోలు" నని నవ్వెను.

వేలమునకు మున్ను ఆస్తి యున్న చోటఁ దప్పెట కొట్టి చాటవలెనని చట్టము. చాటితినని వ్రాసియిచ్చినవాఁడు కోర్టు ఆజ్ఞల నమలు జరుపు అమీను శేషగిరి. కదిరమ్మ పట్టణమునకు నడచి వకీలు అనంతాచారిని బట్టుకొనెను.

"తల్లీ, అప్పు నిజమే గదా. అమ్మకము ఖాయము కాకమున్నే కొట్టివేయింపవలె. మోసమును నష్టమును జూపనిదే కోర్టు వినదు."

"అప్పు లేదంటినా సామీ? నలుగురు పాడియుండిన నప్పు తీరి నాకు బావియైనను మిగిలెడిది. చాటిన దినమేదో చూడుఁడు."

"మాఘపున్నమ మధ్యాహ్నము."

ఆమె లేచి తలుపు దగ్గఱగా వేసెను. పిమ్మట ఆ పున్నమ సంగతి యంతయుఁ జెప్పి "ఈ మాట మీ గుమాస్తాకును జెప్పకుఁడు సామీ" అనెను. ఎవ్వరిని నమ్మవలెనో యామెకుఁ దెలియదు. నాకును దెలియదు.

విచారణదినమున మునసబుగారి యెదుట అనంతాచారి వినయపూర్వకముగా "ఊర నేమేమి కంటిరి" అని యమీను నడిగెను. శేషగిరి మీసము సవరించుకొని యల్లుకొనిపోయెను. "ఇంటింటఁ బొగ లేచుచుండెను. జనులు గుమిగూడి వినిరి. ఇరువురు సాక్షులుగా వ్రేలిముద్రలు వేసిరి. ఒక యవ్వ నాకు వేఁడిసంకటి పెట్టెను."

వెనుకబల్లనుండి కదిరమ్మ లేచెను.

"దొరగారూ, ఆ సంకటి యే పొయ్యిమీఁద నుడికినదో చెప్పుమనుఁడు. ఆ దినము మా యూర నిప్పు లేదు, మనిషి లేఁడు. తోఁపునకుఁ బోయినవారందఱు మీ వరండాలోనే యున్నారు, అడుగుఁడు."

శేషగిరి మీసముమీఁది చేయి దించెను. వీరభద్రప్ప వకీలు మాత్రము చెక్కుచెదరక "అది చాటింపులో స్వల్పలోపము, దానిచేత అమ్మకము చెడదు" అనెను. మునసబుగారు తీర్పు వాయిదా వేసిరి.

ఆ వాయిదాయే నాకు గిట్టదు. మొన్న సాయంకాలము వీరభద్రప్ప బావమఱఁది కోర్టుగుమాస్తా యింటినుండి తలవంచుకొని వెడలుట కన్నులారఁ గంటిని. ఏమి పనియో?

స్వల్పలోపమఁట! లేని యూర లేని జనులు లేని తప్పెట వినిరఁట! అయ్యా మునసబుగారూ, ఆ బొటనవ్రేళ్లుగల యిరువురను బోనెక్కింపుఁడు. సంకటి వడ్డించిన యవ్వనుఁ దెప్పింపుఁడు. అమ్మకము కొట్టివేయుఁడు. మఱల అమ్మఁదలఁచితిరేని పట్టపగలు ఆ బావిగట్టుననే యూరంతయు వినఁ దప్పెట కొట్టించి యమ్ముఁడు. అంతదాఁక గిలక మీఁది మోకు కదిరమ్మ చేతనే యుండవలెను.